సుత్తి కింద బొటనవేలు

మొన్న కొరాపుట్ బస్టాండులో ఇద్దరు కానిస్టేబుల్ అమ్మాయిలు భుజాన రైఫిళ్ళు తగిలించుకుని పకోడీలు తింటున్నారు. ఒకామె ఫోనులో ఏదో చూపిస్తోంది, రెండో ఆమె పొలమారేటట్టు నవ్వుతోంది. చుట్టుపక్కల ఒక్కరు కూడా తలతిప్పి చూడలేదు. నేను మాత్రం సునాబెడ బస్సు వదిలేసుకుని మరీ నిలబడి చూశాను. "ఏటి మామ్మా, ఏటైనా కావాలా?" అని అడిగింది నవ్వుతున్న అమ్మాయి. ఏమీ వద్దన్నాను. నాకేం కావాలో చెప్పడం మొదలుపెడితే ఆ పూట వాళ్ళ డ్యూటీ అయిపోయేది. అందుకే ఇలా కాగితం మీద చెబుతున్నాను, ఆ ఇద్దరి లాంటి వాళ్ళ కోసం.

నేను పోలీసులో చేరిన కొత్తలో ఆడ కానిస్టేబుల్‌కి ఇచ్చేది లాఠీ. ఆడ ఖైదీని కోర్టుకి తీసుకెళ్ళాలి, సభల్లో ఆడవాళ్ళ వైపు తాడు పట్టుకుని నిలబడాలి, ఆఫీసులో కాగితాలు సర్దాలి. ట్రైనింగులో అందరితో పాటు మాకూ రైఫిల్ ఇచ్చి కాల్పించేవారు. తరవాత అది ఆయుధాల గదిలోకి వెళ్ళిపోయేది, మేము ఆఫీసులోకి వెళ్ళిపోయేవాళ్ళం. మొదటిసారి పేల్చిన రోజు నాకు భుజం వాచింది. ఆ వాపుని తడుముకుంటూ రోజంతా లోలోపల నవ్వుకున్నాను. దాన్ని సంతోషం అనాలో ఇంకేమనాలో ఇప్పటికీ తెలీదు. ఆ చప్పుడు, ఆ మందు వాసన, దూరాన అట్టమీద పడిన చిన్న బెజ్జం... అది నేను చేసిందే! మా నాన్న సునాబెడ ఫ్యాక్టరీలో ఫిట్టరు. ఇనుముతో పనిచేసే మనిషి గనక ఆయనకి అర్థమైంది. అమ్మ నర్సు. ఆమెకి అర్థం కాలేదు. "తూటాలు తీసే సేతుల్ని సూసేను గానీ, ఏసే సేతులు మనింట్లో పుడతాయనుకోలేదే" అనేది. చర్చిలో ఆడవాళ్ళు నా పక్కన కూర్చోడానికి కాస్త జరిగేవారు. మా ఆయన స్కూలు టీచరు. పెళ్ళయిన చాలా ఏళ్ళ వరకూ, మీ ఆవిడ ఏం చేస్తుందని ఎవరైనా అడిగితే "గవర్నమెంటు ఆఫీసు" అనేవాడు. అబద్ధం కాదు కదా!

అలా చాలా ఏళ్ళు గడిచాక, రిటైర్మెంటు కనుచూపు మేరలో ఉందనగా, పైనుంచి ఆర్డరు వచ్చింది. ఆడవాళ్ళతో ఒక సాయుధ గార్డు తయారుచెయ్యాలి, ప్రయోగంగా. బాగుంటే ఉంచుతారు, లేకపోతే మళ్ళీ ఆఫీసే. పోలీసు లైన్లలో ఆయుధాలూ గార్డులూ చూసే ఆర్.ఐ. గారు నన్ను పిలిచారు. ఆయన ఒడియా మనిషి, మాతో హిందీలో మాట్లాడేవారు. "నువ్వు గార్డు కమాండరువి. నాకు దీని మీద నమ్మకం లేదు. కానీ అడ్డం పడను" అన్నారు. అంత సూటిగా చెప్పే మనిషి కింద పనిచెయ్యడం సుఖం. నా కాళ్ళు నేలమీద లేవు ఆ రోజు.

నాతో కలిపి ఎనిమిది మందిమి. అందులో ఇద్దరి గురించి చెప్పాలి.

ఒకామెది రాయగడ. తండ్రి మునిసిపాలిటీలో పారిశుధ్యం పని, పూర్వం విజయనగరం వైపు నుంచి వచ్చిన కుటుంబం. నోరు ఊరుకోదు. రైఫిల్ పట్టగానే రెండు కళ్ళూ మూసేది. గుండు పక్కవాళ్ళ అట్టకి తగిలేది. "ఏటి మేడమ్, నేనిటు కొడితే ఇది అటు పోతంది. దీనికి నా మీద కోపమేటో!" అని రైఫిల్ మీద నేరం మోపేది. కాల్పులు నేర్చుకునే రేంజి అంతా నవ్వులే.

రెండో ఆమెది బంధుగాం బ్లాకులో కొండమీది ఊరు. మాటలు తక్కువ. గురి మాత్రం చూసి తీరాలి! నేను ఎంత మెచ్చుకున్నా మొహంలో సంతోషం కనిపించేది కాదు. పేల్చిన వెంటనే రైఫిల్ కింద పెట్టేసి చేతులు చీరకి తుడుచుకుంటున్నట్టు ప్యాంటుకి తుడుచుకునేది. వాళ్ళింట్లో నాటు తుపాకీ ఉండేదని మాత్రం ఒకసారి చెప్పింది. "తుపాకీ గోడ మీద ఉండీది మేడమ్. మేమందరం దాని కింద ఉండీవోళ్ళం" అంది. అంతే. నేను గుచ్చి అడగలేదు.

నేను వాళ్ళకి నేర్పినవాటిలో గురి, ఊపిరి, వేలు అన్నీ మామూలే. ఒక్కటి మాత్రం రోజూ అరిచి చెప్పించేదాన్ని. తూటా ఎవరికి తగలాలో చూసేముందు, తగలకపోతే ఎక్కడికి పోతుందో చూడు. రాయగడ అమ్మాయికి ఆ పాఠం సహజంగానే బాగా వచ్చింది. ఆమె గుళ్ళన్నీ అక్కడికే పోయేవి గనక.

ఆ ఏడు పంచాయతీ ఎన్నికలు జరిగాయి. మగ గార్డులందరూ లోపలి ఊళ్ళకి వెళ్ళిపోవడంతో, లక్ష్మీపూర్ బ్లాకు ఆఫీసులో ఓట్ల పెట్టెల కాపలా మాకు పడింది. లెక్కింపు పూర్తయ్యేదాకా ఆ గది తలుపు మాది. మొదటి డ్యూటీ! అమ్మాయిలు బెల్టులు మెరిసేలా తుడుచుకున్నారు. వచ్చేపోయేవాళ్ళు ఆగి చూసేవారు. సంత ఆడవాళ్ళు గేటు దగ్గర నిలబడి, "అది నిజం తుపాకీయేనా?" అని అడిగేవారు. "మరి? కావాలంటే కళ్ళు మూసుకుని కాల్చి సూపిస్తాను" అనేది రాయగడ అమ్మాయి.

సంత రోజు పొద్దున్న, బేరాలు ఊపందుకున్న వేళ, మైదానం వైపు నుంచి ఒక్కసారిగా కేకలు లేచాయి. "భాలూ! భాలూ!" బుట్టలు దొర్లుతున్నాయి, టమాటాలు కాళ్ళకింద పడి నలిగిపోతున్నాయి, జనం నలువైపులా పరుగు. ఎలుగుబంటి. కొండమీద నుంచి దిగి, సంత చివర ఉన్న ఇప్పపువ్వు గోదాములో దూరింది. అడ్డం వచ్చిన కాపలా మనిషి భుజం చీల్చేసింది. అతన్ని నలుగురు మోసుకుంటూ మా గేటు ముందునుంచే ఆసుపత్రికి పరుగెత్తారు. వెనకాలే ఒక గుంపు మా మీదకి వచ్చింది.

"తుపాకులున్నాయి కదా! రండి! కాల్చండి!"

నేను ఆర్.ఐ. గారికి ఫోను చేశాను. "గార్డు పెట్టెల దగ్గర నుంచి కదలకూడదు. ఫారెస్టు వాళ్ళకి నేను చెబుతాను" అన్నారు. ఫారెస్టు వాళ్ళు కొరాపుట్ నుంచి రావాలి. అటుచూస్తే జనం గోదాము చుట్టూ మూగుతున్నారు. పారిపోయినవాళ్ళే ఫోనులు పైకెత్తి వీడియో తీసుకుంటూ వెనక్కి వస్తున్నారు. ఇంకో మనిషి చీలిపోవడానికి ఎంతోసేపు పట్టదు. నాకు కలిగింది భయమని చెప్పను. ముప్ఫై ఏళ్ళు తాడు పట్టుకుని నిలబడ్డాను. ఇప్పుడు నా చేతిలో పని ఉంది.

ఐదుగురిని తలుపు దగ్గర నిలబెట్టాను. "పెట్టెలు కదలకూడదు, మీరూ కదలకూడదు" అన్నాను. పెట్టెలకి గార్డు ఉంది కదా, ఆర్డరు దాటలేదు, నా లెక్కలో. మిగతా ఇద్దరూ నాతో వచ్చారు. బంధుగాం అమ్మాయి, రాయగడ అమ్మాయి.

జనంలోంచి వెళ్ళే దారి లేక బ్లాకు ఆఫీసు వెనకనుంచి వెళ్ళాం. అదే మేలైంది. గోదాము వెనక గోడ రేకుది. ఆ రేకుకీ పక్కింటి గోడకీ మధ్య ఇరుకు సందు. సందులో ఆడవాళ్ళు! పిల్లల్ని చంకనేసుకుని, ఒకళ్ళమీద ఒకళ్ళు పడి నక్కి ఉన్నారు. ఎలుగుబంటి వచ్చిందని ఇటు దూరారు. ముందుకి పోదామంటే తోపుడు బళ్ళు అడ్డం పడ్డాయి. వెనక్కి రావడానికి ధైర్యం లేదు. ఎలుగుబంటికీ వాళ్ళకీ మధ్య ఉన్నది తుప్పు పట్టిన రేకు ముక్క. అవతల బస్తాలు చిరుగుతున్న చప్పుడు మాకే వినిపిస్తోంది. ముందువైపున్న జనానికి వీళ్ళు ఇక్కడున్నట్టే తెలీదు.

సరిగ్గా అప్పుడు ముందునుంచి కేక వినిపించింది. "జరగండి! తుపాకీ వచ్చింది!"

నేను ఏదో చెప్పబోయేలోగా బంధుగాం అమ్మాయి పరుగు అందుకుంది. ఆ పిల్ల అలా పరుగెత్తగలదని నాకు తెలీదు. మేము మలుపు తిరిగేసరికి గోదాము షట్టరు ముందు ఒక మనిషి నాటు తుపాకీ భుజానికెత్తి నిలబడి ఉన్నాడు. కొండ ఊరి వేటగాడు, బాగా తాగి ఉన్నాడు. జనం అతన్ని పెళ్ళికొడుకుని చేసేశారు. "మార్! మార్!" అని అరుస్తున్నారు. లోపల చీకట్లో నల్లగా ఏదో కదిలింది. అతను గురి పెట్టింది దానికి. దాని వెనక రేకు. రేకు వెనక సందు.

నాటు తుపాకీకి వెనకాల సుత్తిలాంటి ఇనప ముక్క ఉంటుంది. దాన్ని వెనక్కి లాగి పెడతారు. మీట నొక్కితే అది పడి, కింద ఉన్న చిన్న రాగి టోపీని కొడుతుంది. నిప్పు పుట్టేది అక్కడే. అతను సుత్తి లాగేసి ఉన్నాడు. వేలు మీట మీద ఉంది.

బంధుగాం అమ్మాయి తన రైఫిల్‌ని వీపుమీదకి తోసేసింది. అతని పక్కకి చేరి, ఎడమచెయ్యి చాచి, సుత్తికీ టోపీకీ మధ్య బొటనవేలు పెట్టేసింది. అదే క్షణంలో అతను మీట నొక్కాడు.

చప్పుడు రాలేదు. టక్ మని ఎముకమీద ఇనుము పడ్డ శబ్దం ఒకటే. ఆ పిల్ల అరవలేదు. పళ్ళు బిగించి, "వెనకాల మనుసులున్నారు. ఆడోళ్ళున్నారు. పిల్లలున్నారు" అంటోంది. మొదట తెలుగులో, తరవాత ఆ కొండల్లో మాట్లాడే ఒడియా యాస దేశియాలో, అదే మాట మళ్ళీ మళ్ళీ. అతనికి ఏమీ ఎక్కడం లేదు. తుపాకీ గుంజుతున్నాడు. గుంజినకొద్దీ వేలు నలుగుతోంది. జనం ఆమెను తిడుతున్నారు. నేను వెళ్ళి అతని భుజాలు పట్టుకుని వెనక్కి లాగాను. వేలు సుత్తి కిందనుంచి బయటికి వచ్చింది, గోరు వేలాడుతూ.

ఇక ఎలుగుబంటి మిగిలింది. గోదాముకి కొండవైపు ఒక పక్క తలుపుంది, బయట గడియ. అది తెరిస్తే, ఇటునుంచి బెదిరిస్తే, వచ్చిన దారినే పోతుంది. షట్టరు ముందు కాలవ తవ్విపోసిన మట్టి గుట్ట ఉంది. "అమ్మీ! ఆ గుట్టలోకి కాల్చు! నేను చెయ్యెత్తినప్పుడు!" అని రాయగడ అమ్మాయికి చెప్పాను.

"నేనా మేడమ్?" అంది. మొహం పాలిపోయింది.

"నువ్వే! ఇవాళైనా కళ్ళు తెరిచి కాల్చు!"

గోడవారగా పరుగెత్తాను. ఆ వయసులో, ఆ మోకాళ్ళతో, ఆ బూట్లతో! గడియ బిగుసుకుపోయి ఉంది. రాయి తీసుకుని కొట్టాను. ఊడింది. తలుపు లాగి, దాని వెనకే నక్కి, చెయ్యెత్తాను.

రెండు గుళ్ళు పేలాయి. ఒకదాని వెనక ఒకటి, మట్టి గుట్టలో, పెట్టినచోట పెట్టినట్టు. ఆ మరుక్షణం నా పక్కనుంచి ఒక నల్లటి తుఫాను వెళ్ళిపోయింది. ఇప్పపువ్వు వాసన, తడి బొచ్చు వాసన, ఒగర్పు. తలుపు నా ముక్కుకి తగిలింది. చూసేసరికి అది తుప్పలు దాటి కొండెక్కుతోంది, వెనక్కి కూడా చూడకుండా. నేను నేలమీద కూలబడి నవ్వడం మొదలుపెట్టాను. ఆపుకోలేకపోయాను. రాయగడ అమ్మాయి పరుగెత్తుకొచ్చి నా మీద పడింది. "మేడమ్! సూసేను మేడమ్! రెండు కళ్ళతోటీ సూసేను! మట్టి లేచింది మేడమ్!"

ఆ సందడిలో సందులోని ఆడవాళ్ళు పిల్లల్నెత్తుకుని ఇళ్ళదారి పట్టారు, వేటగాడు తుపాకీతో సహా మాయమైపోయాడు.

కాల్చిన ప్రతి తూటాకీ ఖాళీ ఇత్తడి గొట్టం ఆయుధాల గదికి తిరిగి ఇవ్వాలి. ఒకటి దొరికింది, రెండోది లేదు. ఎలుగుబంటి పోయిన సంతలో మేము మోకాళ్ళమీద పాకుతూ వెతుకుతుంటే సంత ఆడవాళ్ళు కూడా దిగారు. చివరికి ఒక ముసలామె తన చిక్కుడుగింజల గంపలోంచి తీసి ఇచ్చింది. "వేడిగా ఉంటే ఏటో అనుకున్నాను" అంది.

ఆసుపత్రిలో కట్టు కట్టిస్తూ బంధుగాం అమ్మాయిని అడిగాను, ఆ వేలి పని ఎక్కడ నేర్చుకున్నావని. నేనైతే నేర్పలేదు.

"మా అవ్వ" అంది. "తాత తాగొచ్చి గోడమీంచి తుపాకీ దింపితే, అవ్వ వెళ్ళి వేలెట్టేసీది. ఆవిడ గోరు ఎప్పుడూ నల్లగానే ఉండీది మేడమ్. సిన్నప్పుడు నేను, ముసలోళ్ళందరికీ అలాగే ఉంటాదనుకున్నాను."

ఇంత జరిగాక మమ్మల్ని భుజాన ఎత్తుకుంటారని అనుకున్నాను. మరునాటికి ఒక వీడియో ఊరంతా తిరిగింది. అందులో సందు లేదు, ఆడవాళ్ళు లేరు. ఒక మగవాడు ఎలుగుబంటిని కాల్చబోతున్నాడు, ఒక ఆడ పోలీసు అతని తుపాకీ లాగుతోంది. తరవాత మట్టిగుట్టని కాలుస్తున్న ఇంకో ఆడ పోలీసు. చివరికి కొండెక్కుతున్న ఎలుగుబంటి. "ఎలుగుబంటికి ఎస్కార్టు" అని కింద రాశారు. బ్లాకు ఆఫీసు ముందు కుర్రాళ్ళు గుర్రుగుర్రుమని అరుస్తూ పోయేవారు. ఆర్.ఐ. గారు ఫోనులో, "కదలొద్దన్నాను. కదిలావు. పైవాళ్ళు చూశారు. లెక్కింపు అయిపోగానే రైఫిళ్ళు జమ చెయ్యండి" అన్నారు. నేను సందు గురించి చెప్పాను. "రిపోర్టులో రాయి" అన్నారు. ఆ రాత్రి నా పిల్లలు అన్నం సరిగా తినలేదు. గార్డు అమ్మాయిల్నే నా పిల్లలంటున్నాను, అప్పటికి అలా అయిపోయారు.

మళ్ళీ సంత వచ్చింది. లెక్కింపు కూడా ముగిసింది. ఆర్.ఐ. గారు జీపు వేసుకుని స్వయంగా వచ్చారు. మేము రైఫిళ్ళు వరసగా పెట్టి, సంచులు సర్దుకుంటున్నాం. గేటు దగ్గర ఒకావిడ నిలబడి ఉంది. నడుముకి పిల్ల, భుజాన పొడవాటి మూట, పాత చీరలో చుట్టింది. వరి నాట్లకి ఏటా పార్వతీపురం వైపు వెళ్ళొచ్చే మనిషి, తెలుగు వచ్చు. సరాసరి బంధుగాం అమ్మాయి దగ్గరకి వచ్చి, కట్టు కట్టిన చెయ్యి పట్టుకుని చూసింది. తరవాత మూట విప్పింది. నాటు తుపాకీ.

"మా ఆయనది" అంది. "ఆయన రేపు పెద్దమనుసులతో టేసనుకి వస్తాడు. సిగ్గుతో పడుకున్నాడు. ఇది మాత్రం నేనే తెచ్చేను."

"ఆయన పంపేడా?" అని అడిగాను.

"పంపడం ఏటి! ఆ రోజు ఆ రేకు ఎనకాల నేనున్నాను. ఇదిగో, ఇదీ నా సంకనే ఉంది" అని పిల్లని చూపించింది. "అవతల ఆయన గొంతు ఇనపడతానే ఉంది. ఎటు పోవాలో తెలీక పిల్ల తల మీద సెయ్యెట్టి కూకున్నాను. ఈ అమ్మి గొంతు ఇన్నాను. ఆడోళ్ళున్నారు, పిల్లలున్నారు అని. ఆడోళ్ళంటే నేనే. పిల్లలంటే ఇదే."

ఆర్.ఐ. గారికి తెలుగు అంతంతమాత్రం. నేను ఆమె మాటలు హిందీలో చెప్పాను. ఆయన టోపీ తీసి చంకలో పెట్టుకుని, ఒక్కరే గోదాము వైపు నడిచారు. వెనకవైపుకి తిరిగి కనపడకుండా పోయారు. చాలాసేపటికి వచ్చారు. చొక్కాకి రేకు తుప్పు అంటుకుని ఉంది, సందులోకి దూరి చూసినట్టున్నారు. "రైఫిళ్ళు జీపులో పెట్టకండి. రేపటినుంచి కొరాపుట్ ట్రెజరీ గార్డు మీది" అన్నారు, నా వైపు చూడకుండా. రాయగడ అమ్మాయి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. అయినా కేక బయటికి వచ్చేసింది.

నేను నాటు తుపాకీ చేతిలోకి తీసుకున్నాను. గొట్టంలో కడ్డీ దింపి చూస్తే పూర్తిగా దిగలేదు. ఆనాటి మందూ గుండూ ఇంకా లోపలే ఉన్నాయి. నింపిన తుపాకీని అలా జమ చెయ్యలేం. దీన్ని మట్టిగుట్టలోకి పేల్చి ఖాళీ చెయ్యాలని ఆర్.ఐ. గారితో అన్నాను.

"నేను పేలుస్తాను" అందామె.

అందరం ఆమె వైపు చూశాం.

"పెళ్ళయిన కాడినుంచి దీన్ని తుడిసింది నేను. నూనె రాసింది నేను. వానాకాలం పొయ్యి పక్కన మందు ఆరబెట్టింది నేను. పేలిస్తే ఎలాగుంటాదో ఒక్కసారీ సూడలేదు."

ఏ రూలు ప్రకారం ఒప్పుకోవాలో నాకు తెలీదు. ఆర్.ఐ. గారి వైపు చూశాను. ఆయన జీపు టైరులో గాలి సరిపోయిందో లేదో చూడ్డానికి అటు తిరిగి వంగున్నారు.

పిల్లని రాయగడ అమ్మాయి ఎత్తుకుని దూరంగా తీసుకెళ్ళి చెవులు మూసింది. గుట్ట దగ్గర ఎవరూ లేరని నేను చుట్టూ తిరిగి చూసుకున్నాను. బంధుగాం అమ్మాయి ఆమె వెనక నిలబడి, కట్టున్న చేత్తోనే తుపాకీ మడమని ఆమె భుజానికి గట్టిగా ఆనించింది. ఆమె కొంగులోంచి తీసి ఇచ్చిన రాగి టోపీ పెట్టి, సుత్తి లాగింది. ఈసారి వేలు తీసేసింది.

ఆ పేలుడికి గుట్ట ముందు పొగ గోడలా లేచింది. ఆమె వెనక్కి పడిపోయింది, బంధుగాం అమ్మాయితో సహా. ఇద్దరూ మట్టిలో కూర్చుని ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకున్నారు. మసి. ఆ మొహంలో మొదటిసారి మా బంధుగాం అమ్మాయి పళ్ళు చూశాను.

తుపాకీ తెచ్చినావిడ భుజం రుద్దుకుంటూ లేచింది. చెవులు గుయ్యిమంటున్నాయేమో, సంతంతా వినిపించేటట్టు అరిచింది.

"బాగుందే అమ్మీ! సానా బాగుంది!"

తరవాత పొగ ఇంకా వస్తున్న తుపాకీని తీసి బంధుగాం అమ్మాయి ఒళ్ళో పెట్టింది.

"తీస్కో. బాగుంది గానీ, ఇంట్లో వద్దు."